హంస దూకదు, తూగుతుంది: పాత క్రియ అర్థం, పుట్టుక వెతికే పద్ధతి

చిక్కడపల్లిలో నాది చిన్న డీటీపీ దుకాణం. పెళ్లి పత్రికలు, కరపత్రాలు, నెలకు ఒకటో రెండో పుస్తకాలు. దుకాణం పెట్టిన కొత్తలో ఒక పెద్దాయన, బడిలో తెలుగు చెప్పి రిటైరైన సారు, తన పద్యాల కట్ట తెచ్చి ఇచ్చారు. అందులో ఒకచోట 'అలలఁ దూఁగు రాయంచ' అని ఉంది. నాకు ఆ మాట తెలియదు. చేతిరాతలో 'క'ను 'గ'లాగా రాశారేమో అనుకుని, అరసున్నలు తీసేసి 'అలల దూకు రాయంచ' అని కొట్టేశాను. ప్రూఫులో కూడా ఎవరి కంటా పడలేదు, పుస్తకం అచ్చయిపోయింది. సారు వచ్చి ఆ పేజీ తీసి నా ముందు పెట్టారు. కోపపడలేదు. "హంస దూకది బిడ్డా, తూగుతది. దూకేది కప్ప" అన్నారు. ఐదువందల కాపీలలో ఆ ఒక్క మాటను ఆయన పెన్నుతో దిద్దుకుంటుంటే నేను పక్కన కూర్చుని పేజీలు తిప్పి ఇచ్చాను. రెండు సాయంత్రాలు పట్టింది.

ఆ రెండు సాయంత్రాలలోనే ఆయన నాకు ఒక పద్ధతి నేర్పారు. తెలియని పాత క్రియ ఎదురైతే దాని అర్థం ఎలా పట్టుకోవాలి, అది ఎక్కడి నుంచి వచ్చిందో ఎలా చూడాలి అన్నది. తర్వాతి ఏళ్లలో నేను దానికి కొన్ని కలుపుకున్నాను. 'తూగు' అనే మాటనే ఉదాహరణగా పెట్టుకుని ఆ దారి మొత్తం ఇక్కడ చెబుతాను. పనేమీ పెట్టుకోకుండా, ఉన్నచోటనే ఉండి, హాయిగా అటూ ఇటూ కదలడం అనే భావానికి మన భాషలో ఇంత చక్కని మాట ఇంకొకటి లేదని నా నమ్మకం. దీని మీద పెట్టిన శ్రమ వృథా పోదు.

మొదటి పని నిఘంటువు తెరవడం కాదు, చెవులు తెరవడం. మాట పాతదైనా దాని ముక్కలు ఇళ్లలో ఎక్కడో ఒకచోట బతికే ఉంటాయి. ఒక చీటీ తీసుకుని, ఆ మాటను మీరు ఎక్కడెక్కడ విన్నారో వాక్యం మొత్తం రాసుకోండి. మాట ఒక్కటే రాసుకుంటే లాభం లేదు. ఎవరన్నారు, ఎవరితో అన్నారు, అప్పుడు ఏం జరుగుతోంది, ఇవన్నీ కావాలి. సారు నన్ను అడిగినప్పుడు నాకు వెంటనే మా అమ్మ గొంతు వినిపించింది. పదో తరగతి పరీక్షలప్పుడు రాత్రి పూట "పుస్తకం ముందల వెట్టుకొని తూగుతున్నవేందిరా, పోయి పండుకో" అనేది. మా వీధి చివర కల్లు కాంపౌండు నుంచి వచ్చే మనిషిని చూసి "తూగుకుంట వస్తున్నడు, పక్కకు జరుగు" అనేది. అంటే నిద్రకు తూగడం, తాగి తూగడం, ఈ రెండూ నాకు ఇంట్లో పుట్టినప్పటి నుంచీ తెలిసిన మాటలే. తెలిసి ఉండి కూడా పద్యంలో కనిపించగానే పోల్చుకోలేకపోయాను. చాలామందికి జరిగేది ఇదే.

మూడోది బడిలో దొరికింది. టుగాగమ సంధికి ఉదాహరణ అడిగితే నిలువుటద్దం, పల్లెటూరు, తూగుటుయ్యాల అని మనమంతా వల్లె వేసిన వాళ్లమే. తూగు, ఉయ్యాల, మధ్యలో 'ట'. మార్కులు పడ్డాయి కానీ ఆ తూగేదేమిటని అడిగిన గుర్తు లేదు. నాలుగోది 'సరితూగు'. పత్రికల్లో రోజూ వస్తుంది, ఫలానా ఆటగాడికి సరితూగేవాడు లేడు అని.

ఐదోది మా ఇంట్లో మా ఆవిడ వల్ల చేరింది. ఆమెది తణుకు దగ్గర పల్లె. పెళ్లయిన కొత్తలో కూరగాయల బండి దగ్గర ఆమె "సరిగ్గా తూచి ఇవ్వు" అంటే బండతను ఒక క్షణం ఆగి చూశాడు. ఇక్కడ మేము జోకుతాం. "కిలో టమాట జోకు" అంటాం. తరాజు, బాట్లు, జోకుడు. 'తూకం' అనే నామం మాకూ వాడుకే, కానీ 'తూచు' అనే క్రియ మా అమ్మ నోట నేను ఎప్పుడూ వినలేదు. ఇలాంటి తేడాను చీటీలో తప్పక రాసుకోవాలి. ఒక మాటకు ఉన్న అర్థాలన్నీ అన్ని చోట్లా బతకవు. ఒక్కో ప్రాంతం ఒక్కో అర్థాన్ని దాచుకుంటుంది, మీ ఊరిలో లేని అర్థం పక్క జిల్లాలో పదిలంగా ఉంటుంది. అందుకే కనీసం రెండు మూడు ప్రాంతాల వాళ్లను అడగాలి. హైదరాబాదులో దానికి బస్సెక్కి ఎటూ పోనక్కర్లేదు, ఒక అపార్టుమెంటులోనే నాలుగు జిల్లాల వాళ్లు దొరుకుతారు.

ఇప్పుడు పద్యం దగ్గరికి వద్దాం. మా సారు ఆ పంక్తిని పోతన మీది ప్రేమతో రాసుకున్నారు. భాగవతం ఏడో స్కంధంలో ప్రహ్లాదుడి పద్యం అందరికీ తెలిసిందే:

మందార మకరంద మాధుర్యమునఁ దేలు
మధుపంబు వోవునే మదనములకు
నిర్మల మందాకినీ వీచికలఁ దూఁగు
రాయంచ సనునే తరంగిణులకు

ఇందులో 'దూఁగు' చూసి నిఘంటువులో 'ద' కింద వెతికితే దొరకదు. నేను సరిగ్గా అదే చేశాను. సారు చెప్పిన సూత్రం ఇది: పద్యంలో క్రియ మొదటి అక్షరాన్ని నమ్మొద్దు, దాని ముందున్న మాట చివర చూడు. 'వీచికలఁ' చివర అరసున్న ఉంది కదా. అది ఊరికే పెట్టిన అలంకారం కాదు, అక్కడ ఒకప్పుడు 'న్' ఉండేదనడానికి గుర్తు. వీచికలన్ + తూఁగు. 'న్' తర్వాత వచ్చే క, చ, ట, త, ప మెత్తబడి గ, జ, డ, ద, బ అవుతాయి. దీన్నే సరళాదేశం అంటారు. ముందు పంక్తిలో 'మాధుర్యమునఁ దేలు' కూడా అలాంటిదే, అసలు మాట 'తేలు'. ఇంకో రకం ఉంది, గసడదవాదేశం. అక్కడ ప్రథమా విభక్తి మాట తర్వాత క, చ, ట, త, ప వరుసగా గ, స, డ, ద, వ అవుతాయి. 'మధుపంబు వోవునే' అన్నచోట 'పోవు' కాస్తా 'వోవు' అయింది, 'రాయంచ సనునే' అన్నచోట 'చను' కాస్తా 'సను' అయింది. నాలుగు పంక్తుల్లో నాలుగు మాటలు వేషం మార్చుకున్నాయి.

కాబట్టి పాత పద్యంలో ద కనిపిస్తే త కింద, గ కనిపిస్తే క కింద, వ కనిపిస్తే ప కింద కూడా చూడండి. అలాగని ప్రతి ద వెనకా త ఉండదు. దూరు, దూయు, దూకు, ఇవి పుట్టుకతోనే ద. ముందున్న మాట అరసున్నతోనో 'న్'తోనో ముగిస్తేనో, లేదా ప్రథమా విభక్తిలో ఉంటేనో మాత్రమే మెత్తబడిందేమోనని అనుమానించాలి.

తూగాడు అనే రూపం దగ్గర ఇంకో చిక్కు ఉంది. "వాడు తూగాడు" అంటే తూగు అనే క్రియకు భూతకాలం, తూగినాడు అని. కానీ "కొమ్మ గాలికి తూగాడింది" అన్నప్పుడు అది 'తూగాడు' అనే వేరే క్రియ, తూగు పక్కన ఆడు చేరింది. ఊగు, ఊగాడు కూడా అంతే. రెండూ రాతలో అచ్చం ఒకేలా ఉంటాయి. చూసే ఉపాయం సులువు. వాక్యంలో కర్తను మార్చి చూడండి. "ఆమె తూగింది" అని వస్తే మొదటిది, "ఆమె తూగాడింది" అని వస్తే రెండోది.

ఈ 'ఆడు' గురించి కాస్త ఆగి చెప్పాలి. ఆడు అంటే ఆటాడటం అని మాత్రమే అనుకుంటాం. కానీ గాలాడటం లేదు అంటాం, ఊపిరాడటం లేదు అంటాం, ఆ వార్త విని కాళ్లూ చేతులూ ఆడలేదు అంటాం. గాలి, ఊపిరి, చేతులు ఏ ఆట ఆడతాయి? అక్కడ ఆడటం అంటే కదలడం. తమిళ, కన్నడాల్లో కూడా ఈ క్రియకు కదలడం, ఆడటం రెండూ ఉన్నాయి. ఒక క్రియ పక్కన ఇది చేరితే ఆ పని ఒక్కసారితో అయిపోకుండా అటూ ఇటూ, మళ్లీ మళ్లీ సాగుతుంది. తిరుగు, తిరుగాడు. పారు, పారాడు. పాత తెలుగులో 'పాఱు' అంటే పరుగెత్తడం, 'పారిపోయాడు'లో ఇంకా ఉంది. పసిపిల్ల ఇల్లంతా పారాడుతుంది. మా ఇంట్లో వస్తువు కనపడకపోతే దేవులాడతాం. నూనెలోంచి గారెల్ని చిల్లుల గంటెతో దేవుతాం కదా, ఆ దేవడమే పదే పదే చేస్తే దేవులాట. ఇలా మాటను విడగొట్టి రెండు ముక్కలనూ విడివిడిగా వెతకడం అలవాటు చేసుకుంటే సగం పని అయిపోయినట్టే.

అసలు రూపం చేతికొచ్చాక నిఘంటువుల దగ్గరికి వెళ్లండి. నేను మూడింటిని ఒక వరుసలో చూస్తాను. మొదట బ్రౌన్ 1852లో తెచ్చిన తెలుగు ఇంగ్లీషు నిఘంటువు. ఆయన వాడుకను విని రాసుకున్న మనిషి, అర్థాలన్నీ ఒకచోట పేర్చి పెడతాడు. తర్వాత బహుజనపల్లి సీతారామాచార్యుల శబ్దరత్నాకరం, 1885. అరసున్న ఉందా లేదా, బండి ర ఉందా లేదా అన్నది దీన్ని చూసి ఖాయం చేసుకుంటాను. ఆఖరికి సూర్యరాయాంధ్ర నిఘంటువు, 1936లో మొదటి సంపుటం వచ్చింది, మొత్తం ఎనిమిది. అది పద్యాల నుంచి ఉదాహరణలు ఇస్తుంది, ఏ కవి ఏ అర్థంలో వాడాడో తెలుస్తుంది. మొదట్లో నేను ఆదివారం ఆబిడ్స్ ఫుట్‌పాత్ మీద పాత పుస్తకాల్లో వీటి కోసం గంటలు గంటలు తిరిగాను. సుల్తాన్ బజార్‌లో 1901 నాటి శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషా నిలయంలో కూర్చుని చేత్తో ఎక్కించుకున్న పేజీలు ఇంకా ఉన్నాయి. ఇప్పుడు ఆంధ్రభారతి సైట్లో మాట కొడితే ఇవన్నీ ఒక్కసారే ఎదురొస్తాయి. అక్కడ ఒక జాగ్రత్త: అరసున్నతో ఒకసారి, లేకుండా ఒకసారి వెతకండి. యూనికోడ్‌లో అరసున్నకు విడిగా అక్షరం ఉంది, యంత్రానికి తూగు వేరు, తూఁగు వేరు.

నిఘంటువులో అందరూ దాటేసే భాగం మాట పక్కనున్న పొడి అక్షరాలు. 'సం.' అంటే సంస్కృతం, 'వై.' అంటే వైకృతం, అంటే సంస్కృత ప్రాకృతాల నుంచి రూపం మారి వచ్చింది, 'దే.' అంటే దేశ్యం. 'అ.క్రి.' అకర్మక క్రియ, 'స.క్రి.' సకర్మక క్రియ. పుట్టుక వెతికేవారికి ఈ అక్షరాలే దారి చూపిస్తాయి. 'సం.' అని ఉంటే సంస్కృతం వైపు పోవాలి. 'దే.' అని ఉంటే అటు పోయి లాభం లేదు, మన ఇరుగు పొరుగు భాషల్ని అడగాలి. తూఁగు దేశ్యం, అకర్మకం. దానికి జతగా తూఁచు ఉంది, అది సకర్మకం. వంగు, వంచు. మునుగు, ముంచు. పెరుగు, పెంచు. ఈ వరుసలోదే తూగు, తూచు. తానే తూగితే తూగు, మనం తూగేలా చేస్తే తూచు. తరాజు పళ్లెంలో సరుకు వేసి దాన్ని తూగనివ్వడమే తూచడం.

ఇక్కడికి వచ్చేసరికి నా దగ్గర ఐదు అర్థాలు పోగయ్యాయి. ఊగడం, కునికిపాట్లు పడటం, తాగి అటూ ఇటూ ఒరగడం, బరువు తేలడం, సమానం కావడం. వీటికి ఒకదానితో ఒకటి ఏం సంబంధమో నిఘంటువు చెప్పదు, ఒకటి, రెండు, మూడు అని అంకెలేసి వదిలేస్తుంది. అసలు ఆనందం మొదలయ్యేది ఇక్కడే.

పుట్టుక కోసం బరో, ఎమెనో కలిసి కూర్చిన ద్రావిడ వ్యుత్పత్తి కోశం చూడాలి. మొదటిసారి 1961లో, పెంచి దిద్దిన రెండో కూర్పు 1984లో వచ్చింది. షికాగో విశ్వవిద్యాలయం వాళ్ల దక్షిణాసియా నిఘంటువుల సైట్లో ఉచితంగా చూడొచ్చు. అందులో ఒక్కో ఆరోపం, అంటే ఒకే మూలానికి చెందిన మాటల పట్టీ, తమిళ మాట ఉంటే దానితోనే మొదలవుతుంది, తెలుగు మాట మధ్యలో ఎక్కడో ఉంటుంది. పుస్తకమైతే చివర భాషలవారీగా ఉన్న సూచిలో తెలుగు మాట పట్టుకుని, దాని పక్కనున్న అంకెతో వెనక్కి వెళ్లాలి. లిపి రోమను, అక్షరాల పైనా కిందా గీతలూ చుక్కలూ ఉంటాయి. వారం రోజులు చూస్తే అలవాటైపోతుంది.

కానీ పుస్తకం కంటే ముందు మనుషులను అడగండి అంటాను నేను. మా దుకాణం కింద టిఫిన్ సెంటరు నడిపేది ఉడుపి వైపు నుంచి వచ్చిన ఆయన. తూగు అంటే ఏమిటని అడిగితే "తొట్టిలు తూగోదు" అన్నాడు, ఉయ్యాలను ఊపడం. వేలాడే వంతెన తూగుసేతువె. బరువు తూక. కునికిపాట్లు పడితే తూకడిసు. మా 'తొట్టెల' అచ్చంగా వాళ్ల 'తొట్టిలు' అని అప్పుడే తెలిసింది. బోనాలప్పుడు అమ్మవారికి ఎక్కించే తొట్టెల కూడా మనసులో మెదిలింది.

మా పై అంతస్తులో ఉండే మలయాళీ నర్సమ్మ చెప్పింది, వాళ్లకు తూంగుక అంటే వేలాడటం, తూక్కం అంటే బరువు. అదే తూక్కం అనే మాటను సికింద్రాబాదులో నాకు తెలిసిన తమిళ టైలరుతో అంటే ఆయన నవ్వి, "మాకు తూక్కం అంటే నిద్ర" అన్నాడు. ఒకే మాట. పక్కపక్క రాష్ట్రాలు. ఒకచోట బరువు, ఒకచోట నిద్ర. తమిళంలో తూంగు అంటే ఈ రోజుల్లో నిద్రపోవడం, పాత తమిళంలో వేలాడటం, ఊగడం కూడా. తెలుగువాళ్లం ఈ రెండు అర్థాలనూ వదలకుండా పెట్టుకున్నాం. నిద్రకు తూగుతాం, తక్కెడలోనూ తూగుతాం.

ఇప్పుడు ఆ రెండో అరసున్న దగ్గరికి రండి. తూఁగు మధ్యలో ఉన్నది. తమిళంలో తూంగు, గ ముందు నిండుగా ముక్కుతో పలికే అక్షరం ఉంది. తెలుగులో దీర్ఘం తర్వాత ఆ ముక్కుపలుకు సన్నబడి అరసున్నగా మిగిలింది. తర్వాత పలుకులో అదీ పోయింది, చివరికి రాతలోనూ పోయింది. ఇది ఒక్క మాటకు జరిగింది కాదు. తమిళం వేండు, తెలుగు వేఁడు, 'వేడుకోవడం'లో ఉన్నది. తమిళం మూన్ఱు, తెలుగు మూఁడు. కాబట్టి పాత పుస్తకంలో మాట మధ్యన అరసున్న కనిపిస్తే అక్కడ నిండు సున్న పెట్టి పలికి చూడండి. పొరుగు భాషలోని చుట్టం చాలాసార్లు అప్పుడే ఎదురుపడుతుంది.

'వీచికలఁ దూఁగు' అన్న రెండు మాటల్లో రెండు అరసున్నలున్నాయి. మొదటిది ఆ ద నిజానికి త అని చెబుతుంది. రెండోది ఆ మాటకు తమిళంలో, మలయాళంలో తోబుట్టువులున్నారని చెబుతుంది. నేను ఆ రోజు బటన్ నొక్కి తీసేసినవి ఈ రెండింటినే. అప్పటి నుంచి పాత పద్యాలు అచ్చుకొస్తే ఒక్క అరసున్నను కూడా కవి అడగకుండా తీయను.

ఇక అర్థాలను కలిపే పని. దీనికి నేను చేసేది ఒకటే. అన్ని అర్థాలనూ పక్కన పెట్టి, వాటిలో శరీరం ఏం చేస్తోందో, వస్తువు ఏం చేస్తోందో కళ్ల ముందు తెచ్చుకుంటాను. ఉయ్యాల దూలానికి వేలాడుతూ అటూ ఇటూ పోతుంది. తరాజు పళ్లెం గొలుసుకు వేలాడుతూ పైకీ కిందికీ పోతుంది. పుస్తకం ముందు కూర్చున్న పిల్లవాడి తల మెడకు వేలాడుతూ ముందుకు ఒరిగి మళ్లీ లేస్తుంది. తాగినవాడి ఒళ్లంతా అంతే. ప్రతిచోటా ఒక పట్టు ఉంది, ఆ పట్టు నుంచి వదులుగా వేలాడేది ఒకటి ఉంది. అది ఎంత కదిలినా ఉన్నచోటికే తిరిగి వస్తుంది. రెండు పళ్లాలు తూగి తూగి ఒకే ఎత్తున నిలిస్తే సరితూగడం. వేలాడటం, దాంతో ఊగడం. ఊగడం నుంచి ఒకవైపు తూకం, ఇంకోవైపు నిద్ర. కోశంలోని తోబుట్టు మాటలన్నీ చూశాక నాకు కుదిరిన వరుస ఇది.

పోతన హంస దేనికీ వేలాడటం లేదు కదా అని నన్ను నేనే అడిగాను. దానికి అల పట్టు. అల లేపితే లేస్తుంది, దింపితే దిగుతుంది. ఈదటం లేదు, ఎటూ పోవటం లేదు, చేపను పట్టటం లేదు. పద్యంలో వరుస చూడండి. తుమ్మెద తేలుతుంది, హంస తూగుతుంది, ఆ తర్వాతి పాదంలో కోయిల మామిడి చిగురు తిని చొక్కుతుంది. తేలు, తూగు, చొక్కు. మూడూ ఏ పనీ చెయ్యని క్రియలే, సుఖంలో ఉన్నచోటనే ఉండిపోయిన క్రియలు. ఇంకెక్కడికైనా ఎందుకు పోతాను అన్నదే ప్రహ్లాదుడి మాట కాబట్టి, ఎక్కడికీ పోనవసరం లేని క్రియలనే పోతన ఏరుకున్నాడు. 'దూకు' అని కొట్టి నేను చెడగొట్టింది ఒక్క అక్షరం కాదని ఇది తెలిశాకే అర్థమైంది. దూకే హంస ఎటో పోతోంది.

పద్యం నడకకు కూడా 'తూగు' అంటాం, ఈ పాదంలో తూగు కుదరలేదు అని. తమిళ ఛందస్సులో వంజిప్పా అనే రకానికి చెప్పే నడక పేరు తూంగల్ ఓశై. అది చదివిన రోజు నాకు చాలాసేపు నిద్ర పట్టలేదు.

పొరపాటు పడే చోట్లు మూడు చెబుతాను. ఒకటి, సంస్కృతం 'తుల'. తక్కెడ అనే అర్థం కాబట్టి తూగు దాన్నుంచే వచ్చిందని చాలామంది చెబుతారు. తులాభారం, తులనాత్మకం, బంగారం కొట్లో అడిగే తులం, ఇవి ఆ ఇంటివి. తూగుకు ఆ ఇంటితో చుట్టరికం లేదు. తులలో ల ఉంది, తూంగులో ముక్కుపలుకూ గ ఉన్నాయి. వేలాడటం, నిద్ర అనే అర్థాలు తులలో లేవు. ఒక అర్థం కలిసినంత మాత్రాన చుట్టరికం కలపొద్దు, ధ్వని కూడా కలవాలి, మిగతా అర్థాలు కూడా కలవాలి. రెండు, 'తూచా తప్పకుండా'. తూచి చూసినట్టు కచ్చితంగా అని దీన్ని తూచుతో ముడిపెడతారు. అది సంస్కృత శ్లోకాల్లోని తు, చ అనే చిన్న అవ్యయాల మాట, పాదపూరణకు వచ్చే ఆ రెండక్షరాలను కూడా వదలకుండా అని. మూడు, 'తూలు'. తాగినవాడు తూలతాడు, తూగుతాడు కూడా. కానీ తూలేవాడు పడిపోవచ్చు, తూగేవాడు మళ్లీ నిటారుగా వస్తాడు. అర్థాలు దగ్గరగా ఉన్న మాటలను ఇలా పక్కపక్కన పెట్టి తేడా అడిగితే, మీరు వెతికే మాటకు సరిహద్దు ఎక్కడో తేలుతుంది.

మీరు మొదలుపెట్టాలంటే తేలికైనవి రెండు ఇస్తాను. ఒకటి ఓలలాడు. ఇప్పుడు ఆనందంలో తప్ప మరెక్కడా ఓలలాడటం లేదు మనం. పాత కావ్యాల్లో ఎవరు ఎక్కడ ఓలలాడేవారో చూడండి, నీళ్లు కనిపిస్తాయి. రెండోది తారాడు. పెదవి మీద చిరునవ్వు తారాడిందని కథల్లో చదువుతాం, వీధి మొగలో ఎవడో తారట్లాడుతున్నాడని కోస్తావాళ్లు అంటారు. చిరునవ్వు చేసేదీ ఆ వీధి మొగలోని మనిషి చేసేదీ ఒకే పని ఎలా అయిందో పట్టుకోండి. 'ఆడు'ను ముందే పక్కకు తీసి పెట్టడం మరిచిపోకండి.

చివరికి అంతా ఒక చీటీలోకి రావాలి, రాయకపోతే నిలవదు. నేను రాసే పద్ధతి ఇది. పైన మాట, అరసున్నతో: తూఁగు. పక్కన దే., అ.క్రి., జత తూఁచు. కింద విన్నవి: అమ్మ, నిద్ర గురించి, చిలకలగూడ ఇంట్లో, అమ్మ, కల్లు తాగిన మనిషి గురించి, మా ఆవిడ, కూరగాయల బండి దగ్గర, తూచు. దాని కింద చదివినవి: భాగవతం ఏడో స్కంధం, వీచికలఁ దూఁగు, అసలు రూపం తూఁగు. దాని కింద తోబుట్టువులు: తమిళం తూంగు, మలయాళం తూంగుక, కన్నడం తూగు. దాని కింద ఒక్క వాక్యం, పెన్సిలుతో, తర్వాత దిద్దుకునే వీలుగా: పట్టు ఒకచోట ఉండి వదులుగా అటూ ఇటూ కదలడం. అడుగున రెండు గీతలు ఖాళీగా వదిలాను. పైఅంతస్తు నర్సమ్మ ఓణానికి ఊరికి పోతోంది, నిద్రకు కూడా తూంగుక అంటారేమో వాళ్ల అమ్మమ్మను అడిగి వస్తానంది.